హెడ్లీ వెరిటీని చూపించి పిల్లల్ని తిట్టకండి

మా వాడికి పన్నెండేళ్లు. ఎడమచేత్తో స్పిన్ వేస్తాడు. విశాఖలో వాడు క్రికెట్ నేర్చుకునే చోట పోయిన నెల బహుమతులిచ్చే కార్యక్రమం పెట్టారు. ముఖ్య అతిథిగా వచ్చిన పెద్దాయనకి క్రికెట్ బాగా తెలుసు, మాట కూడా బాగుంది, పిల్లలు అల్లరి మాని విన్నారు. ఆయన ఇంగ్లాండ్‌లోని యార్క్‌షైర్ కౌంటీ బౌలర్ హెడ్లీ వెరిటీ గురించి చెప్పారు. పది పరుగులిచ్చి పది వికెట్లు తీసినవాడు, రెండో ప్రపంచ యుద్ధం రాగానే బంతి పక్కన పెట్టి తుపాకీ పట్టుకుని దేశానికి ప్రాణమిచ్చాడు, మీరేమో ఇప్పటినుంచే ఐపీఎల్ వేలంలో ఎంత పలుకుతామా అని లెక్కలేసుకుంటున్నారు, అన్నారు. తల్లిదండ్రులందరం చప్పట్లు కొట్టాం. నేనూ కొట్టాను.

స్కూటర్ మీద ఇంటికొస్తుంటే వెనక కూర్చున్న మా వాడు అడిగాడు: "నాన్నా, ఆయన డబ్బులు తీసుకోకుండా ఊరికే ఆడేవాడా?"

"లేదురా, జీతానికే ఆడాడు" అన్నాను.

"మరి ఆ సార్ అలా అన్నారేంటి?"

సిగ్నల్ దగ్గర ఆగి ఉన్నాం. నాకు వెంటనే ఏం చెప్పాలో తోచలేదు. పది రోజులుగా అదే మనసులో నలుగుతోంది. వెరిటీ అంటే నాకు కాలేజీ రోజుల నుంచీ ఇష్టం, ఆయన గురించి దొరికిందల్లా చదివాను, అయినా ఆ చప్పట్లలో నేనూ ఉన్నాను. అందుకే ఇది రాస్తున్నాను. నా దృష్టిలో వెరిటీ మొదటినుంచి చివరిదాకా పనివాడు. తీసుకున్న కూలికి తగ్గ పని చెయ్యడం, ఆ పనిని రోజూ కాస్త మెరుగ్గా చెయ్యడం, అంతే ఆయనకి తెలిసింది. సైన్యంలో చేసింది కూడా అదే. ఆ మనిషిని డబ్బు ముట్టని త్యాగమూర్తిగా నిలబెట్టి, ఆయన పేరుతో ఇప్పటి పిల్లల ఆశల్ని తప్పుబట్టడం ఆయనకీ అన్యాయం, పిల్లలకీ అన్యాయం.

కూలికి ఆడినవాడు

1905లో లీడ్స్‌లో, హెడింగ్లీ మైదానానికి దగ్గర్లోనే పుట్టాడు. నాన్న బొగ్గు కంపెనీలో పనిచేసేవాడు. యార్క్‌షైర్‌లో అప్పటికి విల్‌ఫ్రెడ్ రోడ్స్ ఉన్నాడు, ఆయన కదిలితే తప్ప ఇంకో ఎడమచేతి స్పిన్నర్‌కి చోటు లేదు. వెరిటీ లాంకషైర్ లీగుల్లో వారాంతపు క్రికెట్ ఆడుకుంటూ ఎదురుచూశాడు. మొదట్లో ఆయన స్పిన్నర్ కూడా కాదు, మీడియం పేస్ వేసేవాడు, అది వదిలి నెమ్మదిగా వెయ్యడం ఆ ఏళ్లలోనే నేర్చుకున్నాడు. వార్విక్‌షైర్ వాళ్లు ఒకసారి ట్రయల్‌కి పిలిచి, చూసి, వద్దన్నారు. 1930లో, ఇరవై అయిదేళ్లకి గానీ యార్క్‌షైర్ జట్టులోకి రాలేదు. మరుసటి ఏడాది మే 18న, సరిగ్గా తన పుట్టినరోజున, హెడింగ్లీలో 36 పరుగులిచ్చి 10 వికెట్లూ తీశాడు. ఎదుటి జట్టు వార్విక్‌షైర్!

ఆ పెద్దాయన చెప్పిన పదికి పది 1932 జులై 12న, అదే మైదానంలో, నాటింగమ్‌షైర్ మీద. తుఫాను వాన కురిసి వెలిశాక పిచ్ ఆరుతోంది. లంచ్ దాకా నాటింగమ్‌షైర్ ఒక్క వికెట్ కూడా పోగొట్టుకోలేదు, స్కోరు 38. లంచ్ తర్వాత మొత్తం 67కి ముగిసింది. వెరిటీ లెక్క: 19.4 ఓవర్లు, 16 మెయిడెన్లు (ఒక్క పరుగూ ఇవ్వని ఓవర్లు), 10 పరుగులు, 10 వికెట్లు. ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌లో ఈ రోజుకీ ఇంతకన్నా మంచి అంకెలు ఎవరివీ లేవు. అందరూ పది వికెట్ల గురించి మాట్లాడతారు గానీ నేనైతే ఆ 16 మెయిడెన్ల దగ్గరే ఆగిపోతాను. పిచ్ తిరుగుతుంటే బంతి గింగిరాలు తిప్పాలని ఏ స్పిన్నర్‌కైనా చెయ్యి దురద పెడుతుంది. మా వాడిని చూస్తున్నాను కదా, ఒక బంతి గట్టిగా తిరిగిందంటే తర్వాతి మూడు బంతులూ ఇంకా తిప్పాలని చూసి ఫుల్‌టాస్‌లు వేస్తాడు. చూపుడువేలి పక్కన, బంతి కుట్టు ఒరుసుకునే చోట, వాడికి చర్మం చిట్లి ఎర్రగా అవుతుంది. రాత్రి కొబ్బరినూనె రాస్తాం. తెల్లారి మళ్లీ వెళ్తాడు. వెరిటీ పదేళ్లపాటు ఎండాకాలం పొడుగునా దాదాపు రోజూ ఆ వేలితోనే బతికాడు. 1939లో దక్షిణాఫ్రికాలోని డర్బన్‌లో ఫలితం తేలేదాకా ఆడాల్సిన టెస్ట్ ఒకటి జరిగింది, పది రోజులు సాగదీసి చివరికి ఓడ వెళ్లిపోతుందని డ్రాగా వదిలేశారు. అందులో ఆయన ఒక్కడే 766 బంతులు వేశాడు. దీన్ని నేను పని అంటాను.

పనివాడు అంటే ఇంగ్లాండ్ క్రికెట్‌లో ఉట్టి పోలిక కూడా కాదు. ఆటగాళ్లలో రెండు జాతులు ఉండేవి. అమెచ్యూర్లు, అంటే డబ్బుకి ఆడని పెద్దింటి బాబులు. ప్రొఫెషనల్స్, అంటే కూలికి ఆడేవాళ్లు. డ్రెస్సింగ్ రూములు వేరు, చాలాచోట్ల మైదానంలోకి వచ్చే గేట్లు వేరు, స్కోర్‌కార్డులో పేరు అచ్చువేసే పద్ధతి కూడా వేరు. కెప్టెన్‌గా అమెచ్యూరే ఉండాలి. వెరిటీ ప్రొఫెషనల్. 1933 నుంచి యార్క్‌షైర్ కెప్టెన్ బ్రయాన్ సెల్లర్స్, అమెచ్యూర్. బ్యాట్స్‌మన్‌గా మామూలు ఆటగాడు, నాయకుడిగా గట్టివాడు, ఆ మాట ఒప్పుకోవాలి. కానీ వెరిటీకి క్రికెట్ ఎంత తెలిసినా, ఆస్ట్రేలియా బ్యాట్స్‌మన్ బ్రాడ్‌మన్‌ని టెస్టుల్లో ఎనిమిదిసార్లు ఔట్ చేసినా (ఇంకే బౌలరూ అన్నిసార్లు చెయ్యలేదు), 1934లో లార్డ్స్‌లో ఆస్ట్రేలియా మీద ఒక్కరోజులో 14 వికెట్లు తీసినా, కెప్టెన్సీ అన్నది ఆయన వంక చూసే వస్తువు కాదు. యార్క్‌షైర్ 1931 నుంచి 1939 వరకు తొమ్మిది సీజన్లలో ఏడుసార్లు ఛాంపియన్. ఆ ఏడింట్లోనూ వెరిటీ ఉన్నాడు, పనివాళ్ల గేటులోంచే లోపలికి వచ్చాడు.

హోవ్‌లో ఆఖరి రోజు

ఇక ఆ "బంతి పక్కన పెట్టి" అన్న మాట. 1939 సెప్టెంబర్ 1న ఏం జరిగిందో చూడండి. ఆ తెల్లవారుజామునే హిట్లర్ సైన్యం పోలెండ్‌లోకి వచ్చేసింది. యార్క్‌షైర్ జట్టు దేశానికి దక్షిణపు అంచున, హోవ్‌లో, ససెక్స్‌తో మ్యాచ్ మధ్యలో ఉంది. మిగతా చోట్ల ఆటలు ఆగిపోతున్నాయి. ఇది ఎందుకు ఆగలేదంటే, ససెక్స్ ఆటగాడు జిమ్ పార్క్స్ బెనిఫిట్ మ్యాచ్ అది. బెనిఫిట్ అంటే ఏళ్ల తరబడి ఆడిన ప్రొఫెషనల్‌కి ఆ మ్యాచ్ వసూళ్లు ఇచ్చేస్తారు, అతనికి ప్రావిడెంట్ ఫండైనా పింఛనైనా ఇంచుమించు అదే. మ్యాచ్ ఆగితే తోటి పనివాడి నోటికాడి కూడు పోతుంది. అందుకని ఆడారు.

ఆ మధ్యాహ్నం వెరిటీ 6 ఓవర్లు వేసి 9 పరుగులిచ్చి 7 వికెట్లు తీశాడు. ససెక్స్ 33కి ఆలౌట్. మ్యాచ్ గెలిచి, బస్సెక్కి, లైట్లార్పేసిన ఊళ్ల మీదుగా ఉత్తరానికి ప్రయాణం. లీడ్స్ సిటీ స్క్వేర్‌లో దిగి ఎవరి దారిన వాళ్లు వెళ్లారు. ఆ జట్టు మళ్లీ కలవలేదు.

ఈ రోజున మనం ఏ ఆటగాడి గురించైనా "సరిహద్దులో కాల్పులు జరుగుతుంటే వీడు డబ్బుల మ్యాచ్ ఆడుతున్నాడు" అంటే ఎంతమంది విరుచుకుపడతారో తెలిసిందే. వెరిటీ ఆడిన ఆఖరి మ్యాచ్ అచ్చంగా అలాంటిదే. నాకైతే అందులో తప్పేమీ కనబడదు. తోటివాడి డబ్బుకోసం ఆడటం, రెండు రోజుల తర్వాత యుద్ధం ప్రకటిస్తే దానికి వెళ్లడం, ఈ రెండూ ఒకే మనిషి ఒకే మనసుతో చేశాడు. మధ్యలో గీత గీసి, ఇటువైపు స్వార్థం అటువైపు త్యాగం అని పేర్లు పెట్టింది మనం.

సైన్యం కూడా ఉన్నట్టుండి ఉప్పొంగిన ఆవేశంతో చేరింది కాదు. 1933-34 చలికాలంలో ఇంగ్లాండ్ కెప్టెన్ డగ్లస్ జార్డిన్ జట్టుతో ఇండియా వచ్చినప్పుడు ఆయనకి ఆర్నాల్డ్ షా అనే గ్రీన్ హోవర్డ్స్ రెజిమెంట్ అధికారి పరిచయమయ్యాడు. 1938లో, చెకొస్లొవేకియా మీద హిట్లర్ పెట్టిన మ్యూనిక్ గొడవ ముదిరి యుద్ధం ఇవాళో రేపో అన్నట్టున్నప్పుడు, వెరిటీ ఆయన్ని కలిసి, యుద్ధం వస్తే నేనేం చెయ్యాలి అని అడిగాడు. షా కొన్ని సైనిక పుస్తకాలిచ్చి చదవమన్నాడు. ఆ చలికాలం దక్షిణాఫ్రికా టూర్‌కి వెళ్తూ వెరిటీ వాటిని వెంట తీసుకెళ్లాడు. 766 బంతులు వేసిన ఆ టూరే. అంటే పగలు బౌలింగ్, తీరిక దొరికితే యుద్ధవిద్య పాఠాలు. మీడియం పేస్ మానేసి స్పిన్ నేర్చుకున్న కుర్రాడిలాగే, ముప్ఫై మూడేళ్ల వయసులో, రాబోయే పనికి ముందుగానే తయారవుతున్నాడు. నాకు ఆయన జీవితంలో అన్నిటికన్నా నచ్చే దృశ్యం ఇదే.

కెప్టెన్

ఆ రెజిమెంట్‌లోనే ఆయన అధికారి అయ్యాడు, కెప్టెన్ అయ్యాడు, ఒక కంపెనీ ఆయన చేతికింద ఉండేది. క్రికెట్‌లో పదకొండుమందిని అప్పగించని దేశం యుద్ధంలో అంతకు ఎన్నోరెట్ల మందిని అప్పగించింది.

ఈ వాక్యం రాసి కాసేపు ఆగాను. మొదట ఇదే నా వాదనకి పెద్ద బలం అనుకున్నాను: చూడండి, ఆట ఇవ్వని గౌరవం సైన్యం ఇచ్చింది అని. కానీ అంత సులువుగా లేదు. సైన్యానికి కూడా అధికారుల అవసరం ముంచుకొచ్చింది, మామూలు రోజుల్లో అయితే బొగ్గు కంపెనీలో పనిచేసేవాడి కొడుకుకి ఆ మెస్సులో కుర్చీ వేసేవాళ్లా అంటే అనుమానమే. పైగా అది ఎలాంటి పదోన్నతి? మనుషుల్ని ఫిరంగిగుళ్ల ముందుకి నడిపించే పని. దాన్ని గౌరవం అనాలంటే నాకు నోరు రావడం లేదు. చివరికి మిగిలేది ఇంత చిన్న నిజం: నాయకత్వం ఆయనలో మొదటినుంచీ ఉంది, ఆట దాన్ని గుర్తించలేదు.

మనవైపు కథ ఇంకోలా నడిచింది. వెరిటీ వచ్చిన ఆ 1933-34 సిరీస్‌లో మన కెప్టెన్ సీకే నాయుడు, మచిలీపట్నం మూలాలున్న మన తెలుగు ఇంటి మనిషి. హోల్కర్ మహారాజు ఆయన్ని క్రికెట్ కోసం ఇండోర్‌కి పిలిపించుకుని తన సైన్యంలో హోదా ఇచ్చాడు, అందుకే ఇప్పటికీ కల్నల్ సీకే అంటాం. 1934 ఫిబ్రవరిలో చెపాక్‌లో సీకే జట్టు మీద వెరిటీ మొదటి ఇన్నింగ్స్‌లో 7, రెండో ఇన్నింగ్స్‌లో 4 వికెట్లు తీశాడు. ఒకరికి ఆట వల్ల సైన్యంలో హోదా. ఇంకొకరికి అదే ఆటలో హోదా లేదు, అది సైన్యంలో దొరికింది. ఆ ఇద్దరూ మద్రాసు ఎండలో ఎదురెదురుగా నిలబడ్డారు.

ఎవరి దేశం?

అతిథి గారు "దేశానికి ప్రాణమిచ్చాడు" అన్నప్పుడు పిల్లలకి ఏ దేశం అన్న అనుమానం రాలేదు. నాకు మాత్రం ఇంటికొచ్చాక వచ్చింది. 1942లో వెరిటీ బెటాలియన్‌ని ఇండియాకి పంపారు. రాంచీలో ఉన్నారు. అక్కడ ఆయనకి జిగట విరేచనాలు పట్టుకుని బాగా నీరసించాడు. అక్కడినుంచి పర్షియా, సిరియా, ఈజిప్టు. రాంచీలో ఉన్నది మనల్ని ఏలుతున్న సైన్యం. ఆ ఏడాది ఆగస్టులోనే క్విట్ ఇండియా ఉద్యమం, అరెస్టులు, కాల్పులు. ఆ యూనిఫాం వేసుకున్న మనిషిని ఎనభై ఏళ్ల తర్వాత విశాఖలో పిల్లలకి దేశభక్తి పాఠంగా చెబుతున్నాం. దీన్ని తప్పని కొట్టెయ్యను, కానీ చూడకుండా దాటెయ్యలేను.

అదే ఏడాది ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖ మీదా కాకినాడ మీదా బాంబులేశాయి. మా నాయనమ్మ అప్పటికి కొత్త కోడలు. ఆ సాయంత్రం ఎడ్లబండి మీద బియ్యం మూట, ఇత్తడి బిందె, పక్కింటి ముసలమ్మనీ ఎక్కించుకుని విజయనగరం వైపు వెళ్లిపోయారట, పొయ్యిమీద పప్పు అలాగే వదిలేసి. ఆ పప్పు సంగతి ఆమె చనిపోయేదాకా చెప్పింది. బ్రిటిష్‌వాడు పోవాలని తాతయ్య ఎంత కోరుకున్నాడో, జపాన్‌వాడు రాకూడదని కూడా అంతే కోరుకున్నాడు. హిట్లర్‌ని ఓడించాల్సిందే. ఓడిస్తున్న సైన్యమే మన నెత్తిన కూర్చుని ఉంది. మా ఇంట్లో ఈ రెండూ ఒకే ఎడ్లబండిలో ప్రయాణం చేశాయి, నేను వాటిని విడదీయలేను. అందుకే వెరిటీ విషయంలో "దేశం" అన్న మాట వాడాలంటే జంకుతాను. పని అంటే మాత్రం జంకు లేదు.

ఒకే డ్రెస్సింగ్ రూమ్‌లోంచి

ఇంకో సంగతి. ఆ యార్క్‌షైర్ జట్టులోంచి వెరిటీ ఒక్కడే వెళ్లలేదు. ఆయనకి దగ్గరి స్నేహితుడు, ఫాస్ట్ బౌలర్ బిల్ బోస్, ఫిరంగిదళంలో చేరి 1942లో ఉత్తరాఫ్రికాలోని టోబ్రూక్ దగ్గర పట్టుబడి ఖైదీ శిబిరాల్లో చిక్కి శల్యమయ్యాడు. బ్యాట్స్‌మన్ లెన్ హట్టన్ సైన్యంలో వ్యాయామ శిక్షకుడిగా పనిచేస్తూ 1941లో జిమ్‌లో పడి ఎడమచెయ్యి విరగ్గొట్టుకున్నాడు, ఎన్నో ఆపరేషన్లయ్యాక ఆ చెయ్యి రెండోదానికన్నా రెండంగుళాలు పొట్టిదైంది. యుద్ధరంగం చూడలేదు. ఆ పొట్టిచేత్తోనే మళ్లీ ఆడాడు. చావునే కొలబద్ద చేసుకుంటే హట్టన్ ఎక్కడ నిలబడాలి? జిమ్‌లో పడినవాడిని తక్కువ చేద్దామా? వెరిటీ బతికుంటే యుద్ధం అయ్యేనాటికి నలభై ఏళ్లు. ఆయనకి ముందు ఆ చోటులో ఉన్న రోడ్స్ యాభై దాటాక కూడా ఆడాడు. 1,956 దగ్గర ఆగిపోయిన ఫస్ట్‌క్లాస్ వికెట్లు ఎంతదాకా వెళ్లేవో. ఆయన పెద్ద కొడుకు పేరు విల్‌ఫ్రెడ్, రోడ్స్ పేరు. చిన్నవాడి పేరు డగ్లస్, జార్డిన్ పేరు. ఆ పిల్లలిద్దరికీ నాన్న ఉండేవాడు. త్యాగం అని చప్పట్లు కొట్టేటప్పుడు మనం ఈ లెక్క వెయ్యం.

అతిథి గారి పక్షాన కూడా ఒక మాట చెప్పాలి. ఆయన ఉద్దేశం చెడ్డది కాదు. మా వాడి బ్యాచ్‌లో కొందరు పిల్లలు నిజంగానే బ్యాట్ స్పాన్సర్ల గురించి మాట్లాడుకుంటారు, ప్రాక్టీస్ ఎగ్గొడతారు. వాళ్లకి ఎవరో ఒకరు గట్టిగా చెప్పాలి. చెప్పడానికి వెరిటీ దగ్గర కావలసినంత ఉంది, కాకపోతే అది ఆయన చావులో లేదు. 1935లో షెఫీల్డ్‌లో దక్షిణాఫ్రికా ఆటగాడు జాక్ కామెరాన్ ఆయన ఒక్క ఓవర్లో మూడు ఫోర్లు, మూడు సిక్సులు కొట్టాడు. వికెట్‌కీపర్ ఆర్థర్ వుడ్ దగ్గరకొచ్చి, ఫోర్ కొట్టాలో సిక్స్ కొట్టాలో తెలియని అయోమయంలో పడేశావు వాణ్ణి, అన్నాడు. అంత దెబ్బ తిన్నవాడే ఇంకో నాలుగేళ్లు యార్క్‌షైర్‌కి అదే స్పిన్ వేశాడు. ఇది చెప్పండి పిల్లలకి. మా వాడికి ఇదే చెప్పాను, మూడుసార్లు చెప్పించుకున్నాడు.

గోధుమ చేలో

1943 జులైలో ఇటలీ దక్షిణాన ఉన్న సిసిలీ దీవి. 19వ తేదీ రాత్రి, కటానియా మైదానంలో, వెరిటీ కంపెనీ పంటచేలలోంచి జర్మన్ల వైపు పాక్కుంటూ వెళ్లింది. తూటాలకి కోతకొచ్చిన చేను అంటుకుంది. వెలుతురులో అందరూ కనబడిపోయారు. మోర్టార్ ముక్క వెరిటీ ఛాతీలో దిగింది. ముందుకు పొండి, ఆ పొలంలోని ఇంట్లోంచి జర్మన్లని తరమండి అని తనవాళ్లకి చెబుతూనే ఉన్నాడు. వెనక్కి తగ్గక తప్పనప్పుడు ఆయన సహాయకుడు టామ్ రెన్నాల్డ్‌సన్ ఒక్కడే ఆ కాలుతున్న చేలో దగ్గరుండిపోయాడు. ఇద్దరూ శత్రువులకి దొరికారు. సముద్రం దాటించి ఇటలీ ప్రధాన భూభాగానికి, నేపుల్స్‌కి, అక్కడినుంచి కసెర్టా ఆసుపత్రికి. పక్కటెముక కొంత తీసేసి ఆపరేషన్ చేశారు. రక్తస్రావం ఆగలేదు. జులై 31న పోయాడు, 38 ఏళ్లకి. ఇటాలియన్లు సైనిక మర్యాదలతో పూడ్చారు. ఆ వార్త ఇంగ్లాండ్ చేరింది సెప్టెంబర్ 1న, హోవ్‌లో 9 పరుగులకి 7 వికెట్లు తీసిన రోజుకి సరిగ్గా నాలుగేళ్లకి.

1952లో ఇంగ్లాండ్ ఆ శతాబ్దంలో మొదటిసారి ఒక ప్రొఫెషనల్‌ని సిరీస్‌కి కెప్టెన్‌గా పెట్టింది. ఆ మనిషి పొట్టిచేతి హట్టన్. 1938లో ఓవల్‌లో అతను 364 కొట్టిన మూడు రోజులూ లంచ్‌లోనూ టీలోనూ పక్కన కూర్చుని, మాట్లాడుతూ, మనసు చెదరకుండా చూసింది వెరిటీయే. 1954లో జట్టుని ఆస్ట్రేలియా తీసుకెళ్తూ ఓడ నేపుల్స్‌లో ఆగితే హట్టన్ కసెర్టా వెళ్లాడు. వెరిటీ సమాధి రాతికి యార్క్‌షైర్ టై కట్టాడు, ఆ కౌంటీ తెల్ల గులాబీ గుర్తున్నది. ఆ రాతి మీద పేరుకి ముందు కెప్టెన్ అని చెక్కి ఉంది.